ఆవాల దిండు గారికి బదిలీ ఉత్తర్వు

పర్లాకిమిడి

గౌరవనీయులైన ఆవాల దిండు గారికి,

తమరు మా ఇంట్లో కాలుపెట్టి ఇవాళ్టికి పన్నెండు రోజులు. తమరికి కాళ్లు లేవనుకోండి, మాటవరసకి అన్నాను.

1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరే రాష్ట్రమై, మా ఊరు ఇటు వచ్చింది. చద్దన్నం గొప్పదా, పఖాళ గొప్పదా అనే తగువు మా వీధిలో ఇంకా తెగలేదు. రెండూ ఒకటే కదా అన్నందుకు నాకు తెలుగు, ఒడియా రెండు భాషల్లోనూ చీవాట్లు పడ్డాయి. అలాంటి వీధి తమరి దగ్గరికి వచ్చేసరికి ఒక్కమాట మీద నిలబడింది! పక్కింటి మావుసి (ఒడియాలో పిన్ని) పాత మెత్తటి చీర చింపి, తమరిని స్వయంగా కుట్టి, మా పాప ఇరవై ఒకటో రోజున తెచ్చింది. వాళ్ల లెక్కలో అది ఏకోయిసా, మా లెక్కలో బారసాల. అత్తగారు తమరిని అరచేతిలో పెట్టి తూచి, "అరకిలో ఆవాలు పట్టుంటాయి, తల గుండ్రంగా కుదురుతుంది" అని సర్టిఫికెట్ ఇచ్చేశారు.

ఆ గుండ్రం సంగతి కాస్త మాట్లాడుకుందాం. మా ఆయన మూడు నెలల పాటు తమరి వంశంలోని పెద్దలెవరి మీదో పడుకునే పెరిగారట. చెప్పింది అత్తగారే. ఆయన తల వెనక భాగం చపాతీ పీటలా ఉంటుంది. ఈ సాక్ష్యం ఇంట్లోనే రోజూ తిరుగుతున్నా ఎవరి కంటా పడదు.

టీకాకి తీసుకెళ్లినప్పుడు డాక్టరమ్మని అడిగాను. నెలల పిల్లల పుర్రె మెత్తగా ఉంటుంది, ఒకే వైపు ఒత్తిడి పడితే అటు చదునవుతుంది, అంతేనట. పడుకోబెట్టేటప్పుడు ఒకసారి ఇటు, ఒకసారి అటు తల తిప్పి పెట్టడం, మెలకువగా ఉన్నప్పుడు మనం పక్కనే కూర్చుని కాసేపు బోర్లా వేయడం, ఇవి చాలన్నారు. చాలామంది పిల్లలకి కూర్చోవడం వచ్చాక మెల్లగా అదే సర్దుకుంటుందట. ఇందులో తమరికి పనేం కనబడలేదు.

పని లేకపోతే పోనీ, ప్రమాదం కూడా తమరేనట. నెల పిల్లకి మెడ నిలవదు. తమరి మీద తల పెడితే గడ్డం వెళ్లి ఛాతీకి ఆనుతుంది, ఊపిరి దారి ఇరుకవుతుంది. తల జారి ముక్కు తమరి పొట్టలో కూరుకుంటే తిప్పుకునే సత్తా దానికి లేదు. అమెరికాలో 1994లో పిల్లల్ని వెల్లకిలా పడుకోబెట్టమని ఊరూరా చెప్పడం మొదలుపెట్టాక, నిద్రలో కారణం తెలియకుండా పోయే పసివాళ్ల సంఖ్య దాదాపు సగానికి తగ్గింది. అక్కడి ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ 2022 నవంబరులో తల ఆకారం కోసం అమ్మే దిళ్లు వాడొద్దని హెచ్చరించింది కూడా. అందులో మావుసి పేరు లేదు కాబట్టి తమరు దాన్ని లెక్కచేయరని తెలుసు.

పోనీ తమరు ఒక్కరే వచ్చారా అంటే అదీ లేదు. తమరి వెనకే బరంపురం నుంచి చుట్టాలు తెచ్చిన బొమ్మల పరుపు, రెండు పక్కలకీ రెండు బుల్లి బాలీసులు, ఒక ఎలుగుబంటి దిగాయి. తమరి కింద దిష్టికని ఇనుప ముక్క. ఏప్రిల్ ఎండల్లో ఉన్ని టోపీ! సాయంత్రం సాంబ్రాణి పొగ. ఇంతమంది మధ్య పాపకి ఒక జానెడు చోటు మిగిలింది. అందరిదీ ప్రేమే, కాదనను. ఆ ప్రేమంతా పక్క మీదికే ఎందుకు ఎక్కాలో నాకర్థం కాలేదు.

మొన్న రాత్రి ఒక్కొక్కటీ తీసేశాను. గట్టిగా, చదునుగా ఉన్న చిన్న పరుపు, దాని మీద బిగించిన దుప్పటి, వెల్లకిలా పాప. నా మంచం పక్కనే, కానీ వేరే పక్క. దోమతెర మాత్రం ఉంచాను, మా గజపతి జిల్లా దోమల సంగతి తమరికి తెలియనిది కాదు. అత్తగారు చూసి, "అనాథలా పడుకోబెట్టావేమే తల్లీ" అన్నారు. రాత్రి రెండుసార్లు లేచి వచ్చి, పాప పొట్ట కదులుతోందా లేదా అని చూసి వెళ్లారు. నేను నిద్ర నటించాను.

పాప హాయిగా పడుకుందని అబద్ధం చెప్పను. ఈ వయసు పిల్లలు రోజుకి 14 నుంచి 17 గంటలు నిద్రపోతారట, కానీ రెండు మూడు గంటలకోసారి పాలకి లేస్తారు. పగలూ రాత్రీ తేడా తెలియడానికే రెండు మూడు నెలలు పడుతుంది. పన్నెండున్నరకి, మూడుకి, అయిదుకి లేచింది. తమరున్నప్పుడూ అంతే లేచేది. కాకపోతే అప్పుడు నాకు మధ్యమధ్యలో టెన్షన్ కూడా ఉండేది.

అందుచేత తమరిని హాల్లో పడక్కుర్చీకి బదిలీ చేశాం. నిన్న మధ్యాహ్నం మామగారు పేపరు మొహం మీద కప్పుకుని తమరి మీద తల వాల్చారు. మావుసి గుమ్మంలోంచి చూసి, డెబ్బై ఏళ్లకి తల ఏం గుండ్రమవుతుందని నవ్వింది. గంటన్నర గురక.

ఆ గురకకి పాప లేచింది.

ఇట్లు,
నిద్రలేని ఒక తల్లి