రేటు సరే, ఎన్నేళ్ళు?

పోయిన చలికాలంలో ఒక రాత్రి ఫోనొచ్చింది. ఇక్కడ అమెరికాలో మా అసోసియేషన్ క్రికెట్ టీమ్‌లో ఆడే కుర్రాడు, ఇల్లు కొంటున్నాడు. "అన్నా, ఇంటి లోన్ ఆరున్నర శాతానికి వస్తోంది. రేపు పొద్దున్నలోగా ఆ రేటు లాక్ చెయ్యాలంట. చేసెయ్యమంటారా?" అన్నాడు. ఆ గొంతులో తొందర నాకు కొత్త కాదు. ఒకప్పుడు నేనూ అలాగే ఒక పెద్దాయనకు ఫోన్ చేస్తే, "మంచి రేటేనయ్యా, వదులుకోకు" అన్నారు. మనవాళ్ళు నలుగురు ఎక్కడ కలిసినా ఇదే మాట. నీకెంతకొచ్చింది, నాకింతకొచ్చింది. పావు శాతం తక్కువకు తెచ్చుకున్నవాడు ఆ సాయంత్రానికి హీరో. ఆ అప్పు నీకెన్నో ఏట తీరుతుందని అడిగినవాణ్ణి మాత్రం నేనింతవరకూ చూడలేదు.

లోన్ ఎస్టిమేట్ మూడో పేజీ ఫోటో తీసి పంపమన్నాను. "మూడో పేజీలో ఏముందన్నా? నెలవారీ కట్టేది మొదటి పేజీలోనే ఉందిగా" అన్నాడు. అక్కడే మనందరం ఆగిపోతాం. దరఖాస్తు పెట్టిన మూడు పనిదినాల్లో లెండర్, అంటే అప్పిచ్చే సంస్థ, పంపి తీరాల్సిన కాగితం అది. 2015 అక్టోబరు నుంచి దేశమంతా ఒకటే నమూనా. మూడో పేజీలో 'కంపారిజన్స్' అనే చిన్న డబ్బా ఉంటుంది. ఐదేళ్ళలో మొత్తం ఎంత కట్టి ఉంటావు, అందులో అసలు కింద ఎంత తీరి ఉంటుంది అన్న రెండు అంకెలు అందులో ఉంటాయి.

అతని అప్పు 4 లక్షల డాలర్లు, 30 ఏళ్ళు, ఆరున్నర శాతం. నెలకు 2,528 డాలర్లు. ఇన్సూరెన్సు, ప్రాపర్టీ టాక్సు, అప్పు ఖాయం చేసేటప్పుడయ్యే క్లోజింగ్ ఖర్చులు పక్కన పెడితే ఐదేళ్ళలో కట్టేది లక్షా 51 వేల 7 వందల దాకా. తీరే అసలు 25 వేల 5 వందల చిల్లర. మిగతా లక్షా 26 వేలూ వడ్డీయే. అసలు కన్నా వడ్డీ ముద్దు అని మనం మనవల గురించి అంటాం కానీ, ఆ సామెత అక్షరాలా వర్తించేది లెండర్లకే.

బ్యాంకువాళ్ళు ముందు వడ్డీ లాగేసుకుని అసలు తర్వాత తీసుకుంటారు, అదొక మోసం అని మనలో చాలామంది అంటుంటారు. మోసమేం లేదు. ఈ నెల ఎంత బాకీ ఉంటే దాని మీద నెల వడ్డీ, అంతే. మొదటి నెల బాకీ 4 లక్షలు, దాని మీద వడ్డీ 2,166 డాలర్లు. కట్టిన 2,528లో అది పోగా అసలుకు జమయ్యేది 361. రెండో నెల బాకీ 361 డాలర్లు తగ్గింది కాబట్టి వడ్డీ రెండు డాలర్లు తగ్గుతుంది. ఇలా నత్తనడకన సాగి, వాయిదాలో సగానికి పైగా అసలుకు పోవడం మొదలయ్యేది 233వ నెలలో. అంటే పంతొమ్మిదేళ్ళు దాటాక. ఇల్లు కొన్నప్పుడు పుట్టిన పిల్ల కాలేజీకి వెళ్ళిపోయాక.

మన పాత లెక్కలో ఆరున్నర శాతమంటే నూటికి నెలకు యాభై నాలుగు పైసల వడ్డీ. రెండ్రూపాయల వడ్డీకి అప్పులు చేసిన మన తాతలు వింటే ఎగిరి గంతేసేవారు. అంత చవక అప్పుకు చివరికి 4 లక్షలు తీసుకుని 9 లక్షల 10 వేలు ఎందుకు కడతాం? వడ్డీ ఎక్కువై కాదు, ఏళ్ళు ఎక్కువై. అదే రేటుకు 15 ఏళ్ళలో తీర్చేస్తే మొత్తం వడ్డీ 2 లక్షల 27 వేలు. 30 ఏళ్ళకైతే 5 లక్షల 10 వేలు. గడువు రెట్టింపైతే వడ్డీ రెట్టింపుతో ఆగదు.

30 ఏళ్ళ గడువు దేవుడు రాసిపెట్టింది కూడా కాదు. 1930ల ఆర్థిక మాంద్యానికి ముందు ఈ దేశంలో ఇంటి అప్పులు ఎక్కువగా కొద్ది ఏళ్ళవి. వడ్డీ కట్టుకుంటూ పోయి, గడువు తీరాక అసలు ఒక్కసారిగా చెల్లించడమో, మళ్ళీ కొత్త అప్పు తెచ్చుకోవడమో. మాంద్యంలో కొత్త అప్పు పుట్టక లక్షల మంది ఇళ్ళు పోగొట్టుకున్నారు. 1934లో ఇంటి అప్పులకు హామీ ఇచ్చే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌హెచ్‌ఏ వచ్చి, అసలూ వడ్డీ కలిపి నెలనెలా సమానంగా కట్టే దీర్ఘకాలపు అప్పును అలవాటు చేసింది. సామాన్యుడికి అది నిజంగానే మేలు. అద్దెలు పెరుగుతున్నా నీ వాయిదా పెరగదు, ముప్పయ్యో ఏట కట్టే 2,528 డాలర్లకు ఇవాళ్టి విలువా ఉండదు. కాబట్టి 9 లక్షల 10 వేలను చూసి గుండెలు బాదుకోమని నేననను. నా ఫిర్యాదు వేరే ఉంది.

ఆ 30 ఏళ్ళను మనం ఒక్కసారి కాదు, రెండు మూడు సార్లు మొదలుపెడతాం.

లెక్క తేలిగ్గా ఉంటుందని పై అప్పుతోనే చెబుతాను. ఏడేళ్ళు కట్టారు. బాకీ 3 లక్షల 61 వేల 6 వందలకు దిగింది. రేటు 5.75కు పడింది. పాత అప్పు తీర్చేసి మళ్ళీ 30 ఏళ్ళకు కొత్తది తీసుకోమని, అంటే రీఫైనాన్స్ చేయించుకోమని, ఫోన్ల మీద ఫోన్లు. "చేతి నుంచి పైసా పెట్టక్కర్లేదు సార్, ఖర్చులన్నీ లోన్‌లో కలిపేస్తాం, నెలకు 371 డాలర్లు మిగులుతుంది." ఖర్చులు 8 వేలనుకుంటే కొత్త అప్పు 3 లక్షల 69 వేల 6 వందలు, నెలకు 2,157 డాలర్లు. ఆ ఫోన్ చేసినవాడు చెప్పినదాంట్లో అబద్ధం ఒక్కటీ లేదు. నెలకు 371 మిగిలేదీ నిజమే, ముప్పావు శాతం తగ్గిందీ నిజమే.

ఇప్పుడు పెన్ను తీసుకోండి. పాత అప్పుకు ఇంకా 276 నెలలుంది. నెలకు 371 చొప్పున 276 నెలల్లో మిగిలేది లక్షా 2 వేలు. బాగానే ఉంది. కానీ పాత అప్పు తీరిపోయే రోజుకు కొత్త అప్పుకు ఇంకా ఏడేళ్ళు ఉంటుంది. 84 నెలలు, నెలకు 2,157. లక్షా 81 వేలు. రేటు తగ్గించుకుని, ఆ తెలివికి మురిసిపోయి, చివరికి 79 వేల డాలర్లు ఎక్కువ కట్టాం.

ఇది పుస్తకంలో చదివి చెప్పడం లేదు. అంకెలు వేరు గానీ నేను చేసింది అచ్చంగా ఇదే. గురువారం సాయంత్రం నోటరీ ఆవిడ ఇంటికే వచ్చింది. డైనింగ్ టేబుల్ మీద కాగితాల బొత్తి, పసుపు స్టిక్కరు ఉన్నచోటల్లా సంతకం. నలభై నిమిషాల్లో అయిపోయింది. అప్పు తుది వివరాలుండే కాగితం, క్లోజింగ్ డిస్‌క్లోజర్, ఐదో పేజీలో 'టోటల్ ఆఫ్ పేమెంట్స్' అని, చివరిదాకా కట్టేది మొత్తం ఎంతో చెప్పే అంకె ఒకటి ఉంటుంది. దాన్ని దాటుకుంటూ పోయాను. వెళ్ళేముందు ఆవిడ ఇంకో కాగితం రెండు కాపీలిచ్చింది. ఉంటున్న ఇంటిని రీఫైనాన్స్ చేస్తే మూడు పనిదినాల్లోగా రద్దు చేసుకునే హక్కు ఉందన్న నోటీసు. ఇల్లు కొనే అప్పుకు ఆ హక్కు ఉండదు, రీఫైనాన్సుకు ఉంటుంది. ఆ లెక్కలో శనివారం కూడా పనిదినమే కాబట్టి నాకు సోమవారం అర్ధరాత్రి దాకా టైముంది. ఆ రెండు కాపీలూ ఫ్రిజ్ మీదే పడున్నాయి. నాకప్పుడు నలభై మూడు. అప్పు తీరేది డెబ్భై మూడో ఏట అని ఆ నాలుగు రోజుల్లో ఒక్కసారీ తట్టలేదు. నెలనెలా మిగిలిన డబ్బు ఏమైందంటారా? కొత్త కారు వాయిదాలో కలిసిపోయింది.

రీఫైనాన్సే తప్పనడం లేదు. ఇంటి అప్పులను కొనే ఫ్రెడ్డీ మాక్ సంస్థ ప్రకటించే వారపు సగటు రేటు 2021 జనవరిలో 2.65 శాతానికి పడింది. ఆరున్నర నుంచి మూడుకు దిగినవాళ్ళు గడువు మొదటికొచ్చినా లాభపడ్డట్టే. చిక్కంతా అర శాతం, ముప్పావు శాతం దగ్గరే. అక్కడా ఒక దారుంది. పై ఉదాహరణలో 5.75కి మారి కూడా పాత 2,528 డాలర్లే కడుతూ పోతే, అప్పు 253 నెలల్లో తీరుతుంది. పాత గడువు కంటే దాదాపు రెండేళ్ళు ముందే. మొత్తం మీద 60 వేల డాలర్లు మిగులు. అదే సంతకం, అదే రేటు. తేడా అంతా ఆ 371ని కారుకిచ్చామా, ఇంటికిచ్చామా అన్నదే. ఇల్లు అమ్మి ఇంకో ఊళ్ళో ఇంకా పెద్దది కొనేవాళ్ళకు కూడా గడియారం ఇలాగే మొదటికొస్తుందని వేరే చెప్పక్కర్లేదు.

"వడ్డీ కడితే టాక్సులో వెనక్కొస్తుందిగా" అనే మాట ఇంకా వినిపిస్తూనే ఉంది. అది 2018కి ముందు మాట. ఖర్చులేవీ చూపకుండానే దొరికే పన్ను తగ్గింపు, అంటే స్టాండర్డ్ డిడక్షనే, భార్యాభర్తలకు 2025లో 31,500 డాలర్లు. మన ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 25,868. టెక్సాస్ లాంటి, రాష్ట్ర ఆదాయపు పన్ను లేని చోట ప్రాపర్టీ టాక్సు 8 వేలు, వేరే తగ్గింపులేవీ లేవనుకోండి. రెండూ కలిపి 33,868. అదనంగా కలిసొచ్చేది 2,368 మీదే. 24 శాతం స్లాబులో ఉంటే అది 568 డాలర్లు. పాతిక వేల పైచిలుకు వడ్డీ కట్టి ఐదు వందల చిల్లర వెనక్కి తెచ్చుకోవడాన్ని ఆదా అనుకుంటే నేను చెప్పగలిగేదేమీ లేదు.

పీఎమ్ఐ సంగతి కూడా ఒక్క ముక్క. మనం అప్పు ఎగ్గొడితే లెండర్ నష్టపోకుండా మన చేత కట్టించే ఇన్సూరెన్సు అది. మీరు కన్వెన్షనల్ లోన్‌కు (ప్రభుత్వ హామీ లేని మామూలు అప్పుకు) 20 శాతం కన్నా తక్కువ డౌన్ పెట్టి ఉంటే, 1998 నాటి చట్టం ప్రకారం బాకీ ఇంటి మొదటి విలువలో 80 శాతానికి దిగగానే తీసేయమని రాతపూర్వకంగా అడగొచ్చు. అడగకపోతే 78 దాకా ఆగాలి. ఆ రెండు శాతం దిగడానికి నెలలు పడుతుంది, ఆ నెలలన్నీ వాళ్ళకు ఊరికే కట్టినట్టు.

మళ్ళీ ఆ కుర్రాడి దగ్గరికి. ఫోటో వచ్చింది. కింద మెసేజ్: "ఐదేళ్ళకి పాతిక వేలేనా అన్నా?!" అంతేనన్నాను. కాసేపటికి మళ్ళీ ఫోన్ చేసి, పదిహేనేళ్ళది తీసుకుంటానన్నాడు. నెలకు 3,484.

వద్దన్నాను.

అతను హెచ్1బి మీద ఉన్నాడు. ఉద్యోగం పోతే ఇంకో ఉద్యోగం చూసుకోవడానికి ఉండేది మహా అయితే 60 రోజులు. ఆ 60 రోజుల్లో లెండర్ అడిగేది కట్టిన అసలెంత అని కాదు, ఈ నెల వాయిదా ఏదని. ఇంట్లోకి వెళ్ళిన డబ్బు అవసరానికి బయటికి రాదు. జీతం లేనివాడికి ఈక్విటీ మీద, అంటే ఇంట్లో తన వాటా మీద, అప్పు ఎవరిస్తారు? ముందుగా 50 వేలు అసలుకు కట్టేసినవాడికైనా, రీకాస్ట్ చేయించుకుంటే, అంటే మిగిలిన బాకీకి వాయిదాను మళ్ళీ లెక్క కట్టించుకుంటే తప్ప, వచ్చే నెల వాయిదా పైసా తగ్గదు. అప్పు త్వరగా తీర్చెయ్యమని పచ్చకార్డు చేతికొచ్చి పదేళ్ళయిన మా ఈడువాళ్ళు ఇచ్చే సలహా అతనికి పనికిరాదు. మూడు శాతం లోపు అప్పున్నవాళ్ళకూ పనికిరాదు. 2023లో ప్రభుత్వానికి కొద్ది నెలలకు అప్పిచ్చే ట్రెజరీ బిల్లులు 5 శాతం పైన వడ్డీ ఇస్తుంటే, 2.75 అప్పును ముందే తీర్చేస్తానని పట్టుబట్టిన మిత్రుణ్ణి ఆపడానికి నేను పడ్డ తంటాలు ఇంకో వ్యాసమవుతాయి.

అందుకని అతను 30 ఏళ్ళదే తీసుకున్నాడు, నెలకు 200 డాలర్లు అదనంగా అసలుకు కట్టేట్టు. ఉద్యోగం కుదుటగా ఉన్నన్నాళ్ళు కట్టడం, లేనప్పుడు ఆపేయడం, ఎవరినీ అడగక్కర్లేదు. చివరిదాకా కట్టగలిగితే అప్పు ఐదున్నరేళ్ళు ముందే తీరుతుంది, వడ్డీలో లక్షా 11 వేల పైన మిగులుతుంది. రెండు వారాలకోసారి సగం వాయిదా కట్టిస్తామని ఫీజు అడిగే కంపెనీలు అమ్మేది కూడా ఇలాంటి లెక్కే. వాళ్ళ పద్ధతిలో ఏడాదికి పదమూడు వాయిదాలు పడతాయి, అంతకన్నా మంత్రమేం లేదు.

మొన్న గ్రౌండ్‌లో కలిసి ఫోన్ చూపించాడు. మూడు నెలలుగా కట్టిన 200 డాలర్లు అసలు కింద పడలేదట. వాయిదాలు వసూలు చేసే కంపెనీ, సర్వీసర్, వాటిని రాబోయే వాయిదాకు అడ్వాన్సుగా జమేసుకుని కూర్చుంది. వెబ్‌సైట్‌లో 'అడిషనల్ ప్రిన్సిపల్' అన్న గడి వేరే ఉంది, ఇతను మామూలు గడిలో కొట్టాడు. ముప్పావుగంట హోల్డ్‌లో ఉండి, మూడు నెలల జమలూ వెనక తేదీలతో సరిచేయించుకున్నాడు. సరిచేసిన స్టేట్‌మెంట్ చూపిస్తూ, బాకీ పక్కనున్న అంకెను వేలితో పెద్దది చేసి, "రెండో ఓవర్ మీరేస్తారా, నేనెయ్యనా అన్నా?" అన్నాడు.