నెమలి వ్యూ, ఈస్ట్ ఫేసింగ్

ముందుగా హైదరాబాద్ కేబీఆర్ పార్కు నెమళ్లకు ఒక విన్నపం. పొద్దున ఆరు నుంచి ఎనిమిది దాకా కాస్త గొంతు తగ్గించుకోండి. పెద్దమనుషులు ఫోన్లో ఉంటారు.

మొన్న నా ముందు ఒకాయన నడుస్తున్నాడు. కాళ్లకు ఖరీదైన బూట్లు, మణికట్టుకు అడుగులు లెక్కపెట్టే గడియారం, అరచేతిలో ఫోను. ఫోను స్పీకర్‌లో ఉంది. చెవికి ఆనించుకుంటే చెవి అరిగిపోతుందని డాక్టరు చెప్పి ఉంటాడు. పార్కు పక్కన ఫ్లాటు బేరం నడుస్తోంది. అడుగు రేటెంతో నాకు తెలిసిపోయింది, అమ్మే అన్నదమ్ముల మధ్య గొడవేంటో కూడా తెలిసిపోయింది. పొదలో ముంగిసకీ తెలిసే ఉంటుంది.

సరిగ్గా టోకెన్ అడ్వాన్స్ దగ్గరికొచ్చేసరికి బండ మీద నెమలి గొంతు చించుకుని అరిచింది.

"ఎవర్రా పక్కన? పోరగాడు ఏడుస్తుండా?"

"పోరగాడు కాదన్నా, నెమలి. పార్కుల ఉన్న."

"అరే, ఇంతసేపు చెప్పవేందిరా! నెమలి వ్యూ అని ఇంకో ఐదు లక్షలు ఎక్కియ్."

"ఎక్కిస్త. రోజూ వస్తదా అని పార్టీ అడిగితే?"

"రాక యాడికి పోతది? సుట్టూ రోడ్లేనాయె."

నేను నవ్వాను. పది అడుగులు వేశాక నవ్వు ఆగిపోయింది.

నిజమే, యాడికి పోతది? దాదాపు 390 ఎకరాలు. 1998లో దీన్ని జాతీయ పార్కు అన్నారు. 1972 వన్యప్రాణి చట్టంలో నెమలి మొదటి షెడ్యూల్లో ఉంది, పులి సరసన. అంత మర్యాద కాగితం మీద. ఇక్కడేమో పుట్టల మీద చక్కెర చల్లే పుణ్యాత్ములు (చీమలకు షుగర్ రాదని గట్టి నమ్మకం), బ్లూటూత్ స్పీకర్లో భక్తిపాటలు, గేటు బయట నాలుగు ఇడ్లీలతో లెక్క సరిచేసుకునే ఆరోగ్యవంతులు. వీళ్లను క్షమించొచ్చు.

క్షమించలేనిది ఒకటుంది. 2020లో పార్కు చుట్టూ ఎకో సెన్సిటివ్ జోన్, అంటే అడవిని కాపాడే రక్షణ వలయం, ఎంత వెడల్పుండాలో తేల్చారు. కొన్నిచోట్ల 29.8 మీటర్లు, కొన్నిచోట్ల 3 మీటర్లు. మూడు! స్పీకర్ ఫోనాయన కారును అందులో అడ్డంగా పెడితే డిక్కీ బయటికొస్తుంది. ఒక అడవికి కారు పట్టేంత చోటు కూడా వదల్లేదు. పైగా ఇరవై తొమ్మిది పక్కన ఆ పాయింట్ ఎనిమిది కూడానూ! జాకెట్ గుడ్డ కొలిచినట్టు టేపు పెట్టి కొలిచారన్నమాట. సిగ్గుండాలి. 2016లో ఫ్లైఓవర్ల కోసం చెట్లు కొడతామంటే జనం రోడ్డెక్కి వద్దన్నారు. అయినా ఫ్లైఓవర్లు, అండర్‌పాస్‌లు అంటూ అవే ప్లాన్లు పేరు మార్చుకుని మళ్లీ వచ్చాయి. ట్రాఫిక్ కోసమట. ఆ ట్రాఫిక్‌లో సగం స్వచ్ఛమైన గాలి పీల్చడానికి పార్కుకే వస్తోంది కదరా నాయనా!

మర్నాడు మళ్లీ ఆయనే, అదే స్పీకరు. బండ ఖాళీగా ఉంది.

"అన్నా, ఇయ్యాల నెమలి కనబడ్తలేదు. పార్టీ గేటు కాడికొచ్చిండు."

"జర ఆపు ఆయన్ని. యూట్యూబ్ల నెమలి అరుపు దొరుకుతదేమో సూడు."