వేలిముద్ర తేల్చాల్సింది వాదనలతో తేలదు

బెజవాడలోనో గుంటూరులోనో ప్లాటు కొని అమెరికాలో ఉంటున్నవాళ్లు ఏడాదికోసారి ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్టర్డ్ లావాదేవీలు చూపే సర్టిఫికెట్) తీయించి చూసుకుంటున్నారంటే ఊరికే కాదు. దొంగ జీపీఏ (యజమాని తరఫున అమ్మే అధికారమిచ్చే పత్రం), చనిపోయిన మనిషి ‘చేసిన’ సంతకం, ఎవరినో కూర్చోబెట్టి వేయించిన వేలిముద్ర... ఇవేవీ ఇక్కడ కొత్త కాదు. కేసు నమోదైందని తెలియగానే అవతలివాడు నేలపాడు హైకోర్టుకు పరిగెత్తి క్వాష్ పిటిషన్ వేస్తాడు. ఇది సివిల్ తగాదా, ఎఫ్‌ఐఆర్ కొట్టేయండి, కనీసం ఈలోగా దర్యాప్తయినా ఆపండి అంటాడు. కోర్టులు అంత తేలిగ్గా ఆపవు. ఆపకపోవడమే సరైనదని మేం అనుకుంటున్నాం.

ఎందుకంటే ఫోర్జరీ అనేది కాగితం మీదే ఉంటుంది, ఆ కాగితం జడ్జిగారి ముందు ఉండదు. ఉండేది జిరాక్స్. రిజిస్ట్రేషన్ చట్టం 32-ఎ ప్రకారం దస్తావేజుకి ఫోటోలు అతికించి వేలిముద్రలు వేయించాలి, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో వేలిముద్రల రిజిస్టరు విడిగా ఉంటుంది, వెనక పేజీలో గుర్తించిన సాక్షుల సంతకాలుంటాయి. ఎవరో ఒకరు ఒరిజినల్ స్వాధీనం చేసుకుని, నమూనా సంతకాలు తీసుకుని, అన్నీ కలిపి ఫోరెన్సిక్ ల్యాబుకి పంపితేనే అసలు సంగతి బయటపడుతుంది. ఆ పని పోలీసులది. స్టే వచ్చిందనుకోండి, ఈలోగా ఒరిజినల్ ‘పోతుంది’, స్థలం మూడో మనిషి చేతికి పోతుంది, దాని మీద బ్యాంకు లోను కూడా వచ్చేస్తుంది.

భజన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు ఎఫ్‌ఐఆర్ ఎప్పుడెప్పుడు కొట్టేయొచ్చో ఏడు రకాలుగా చెప్పింది, ఆ అధికారాన్ని అరుదుగా వాడమనీ చెప్పింది. 2021 ఏప్రిల్‌లో నీహారిక తీర్పులో ఇంకా గట్టిగా, అరెస్టు వద్దు, కఠిన చర్యలు వద్దు అంటూ కారణాలు రాయకుండా అలవాటుగా ఉత్తర్వులివ్వొద్దంది. అరెస్టు భయం ఉంటే ముందస్తు బెయిల్ ఉంది కదా అన్నది ఆ తీర్పులోని మాట. తమాషా ఏంటంటే, పాత సీఆర్‌పీసీ (క్రిమినల్ కేసుల విధివిధానాల చట్టం)లో క్వాష్‌కి వాడిన 482 సెక్షన్ నంబరే 2024 జులై నుంచి దాని బదులు వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో ముందస్తు బెయిల్‌కి వచ్చింది, క్వాష్ 528కి పోయింది. టెన్షన్ పడేవాళ్లు ఆ కొత్త 482 తలుపు తట్టొచ్చు. విలువైన దస్తావేజుని ఫోర్జరీ చేస్తే యావజ్జీవం దాకా శిక్ష ఉంది కాబట్టి ఆ భయం ఉత్తుత్తి భయమేం కాదు.

అలాగని ప్రతి ఫిర్యాదూ ఫోర్జరీ అయిపోదు. తన స్థలమేనంటూ తన పేరుతోనే సంతకం పెట్టి, తనది కానిది అమ్మినవాడు దొంగ దస్తావేజు సృష్టించినట్టు కాదని 2009లో మహమ్మద్ ఇబ్రహీం కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. అది మోసం కావచ్చు, ఫోర్జరీ కాదు. అన్నదమ్ముల వాటాల గొడవకి ఫోర్జరీ సెక్షన్లు తగిలించి స్టేషన్‌కి లాగేవాళ్లూ ఉన్నారు, అలాంటివి కోర్టు మొదట్లోనే కొట్టేయాలి. సివిల్ దావా నడుస్తోందన్న ఒక్క కారణంతో మాత్రం క్రిమినల్ కేసు ఆగదు, రెండూ పక్కపక్కనే నడవొచ్చు.

మాకు అసలు కోపం వేరే చోట ఉంది. కోర్టు ఆపకపోయినా దర్యాప్తు ఆగిపోయే ఊళ్లు మనవి. ఫైలు బీరువాలో ఉంటుంది, ఇద్దర్నీ పిలిచి ‘కూర్చుని మాట్లాడుకోండయ్యా’ అంటారు, సగం రేటుకి సెటిల్ చేసుకోమని మధ్యవర్తులు తయారవుతారు. సొంత స్థలాన్ని సగం రేటుకి ఎందుకు కొనుక్కోవాలి? బాధితుడికి దస్తావేజు రద్దు దావా వేయడానికి, సంగతి తెలిసిన రోజు నుంచి ఉండేది మూడేళ్లే, అది ఈ పంచాయితీల్లోనే కరిగిపోతుంది. విజయవాడ కమిషనర్, గుంటూరు ఎస్పీ నెలవారీ రివ్యూల్లో ప్రతి ఫోర్జరీ కేసు మీదా రెండు ప్రశ్నలు అడగాలి: ఒరిజినల్ ఎవరి దగ్గరుంది, ల్యాబుకి ఏ తారీఖున పంపారు? జవాబు లేని ఫైలుని ఆ రోజే ఇంకో అధికారికి ఇచ్చేయాలి.