పొలం గట్టున కాలుతున్న సొమ్ము

యాసంగి వరి పొట్టకొచ్చే వేళకు ట్రాన్స్‌ఫార్మర్లు కాలిపోవడం తెలంగాణ పల్లెలు ఏటా చూస్తున్నదే. రైతులు తలా కొంత చందా వేసుకుని, కాలిన దాన్ని ట్రాక్టర్‌కెత్తి మరమ్మతు కేంద్రానికి పరుగెడతారు. అది తిరిగొచ్చేలోగా మడి నెర్రెలు బారుతుంది.

ఎందుకు కాలుతుందో చెప్పడానికి చిన్న లెక్క చాలు. 25 కేవీఏ సామర్థ్యమున్న ట్రాన్స్‌ఫార్మర్ ఎల్టీ వైపు, అంటే మోటార్లకు వెళ్లే తక్కువ వోల్టేజీ వైపు, మోయగలిగింది 33 ఆంపియర్లు. 5 హెచ్‌పీ మోటారు ఒక్కటే ఏడెనిమిది ఆంపియర్లు లాగుతుంది. నాలుగు మోటార్లతోనే అది నిండిపోతుంది. అయినా ఆరేడు తగిలిస్తారు. దానికి తోడు, కరెంటు రాగానే మోటారును దానంతటదే ఆన్ చేసే ఆటో స్టార్టర్లు. 2018 జనవరి 1న 24 గంటల ఉచిత సరఫరా మొదలైనప్పుడు వాటిని తీసేయమని ఊరూరా చెప్పారు. ఇప్పటికీ ఎన్నో బోర్ల దగ్గర అవి ఉన్నాయి. కరెంటు పోయి రాగానే మోటార్లన్నీ ఒక్కసారే లేస్తాయి, లేచేటప్పుడు ఒక్కోటీ మామూలుకు ఐదారు రెట్లు లాగుతుంది. అప్పుడు ఫ్యూజు పోవాలి. దాని చోట లావుపాటి అల్యూమినియం తీగ చుట్టి ఉంటే ఆ తీగ నిలుస్తుంది, ట్రాన్స్‌ఫార్మర్ లోపలి తీగచుట్ట (వైండింగు) మాడుతుంది. గ్యాస్కెట్ల నుంచి కారే ఆయిల్, లోపలికెళ్లే గాలిలో తేమను పీల్చే బ్రీదర్‌లో నీలం పోయి గులాబీ రంగుకు తిరిగిన సిలికా జెల్, ఎండిపోయిన ఎర్తు గుంత... ఇవన్నీ దగ్గరికెళ్లి చూస్తే కనిపించేవే. ఒక్క లైన్‌మన్‌కు ఊళ్లకు ఊళ్లు అప్పగిస్తే చూసేదెవరు?

లైను నుంచి లాగే కరెంటును తగ్గించే 2 కేవీఏఆర్ కెపాసిటర్‌ను మోటారుకు బిగించుకోవడం రైతు పని. మిగతాది డిస్కం (విద్యుత్ పంపిణీ సంస్థ) చేయాలి. ఎల్టీ లైనుకు బదులు 11 కేవీ (11 వేల వోల్టుల) లైనును బోర్ల దాకా తెచ్చి చిన్న ట్రాన్స్‌ఫార్మర్లు పెడితే అదే లోడుకు లైనులో కరెంటు 25వ వంతుకు పడిపోతుంది. నష్టాలు తగ్గుతాయి, చివరి బోరుకూ వోల్టేజీ నిలుస్తుంది.

దీనికి డబ్బు కావాలి. రాష్ట్రం సబ్సిడీ ప్రకటిస్తే ఆ సొమ్ము ముందుగానే చెల్లించాలని 2003 విద్యుత్ చట్టం 65వ సెక్షన్ చెబుతోంది. ఆలస్యమైతే డిస్కం అప్పు తెచ్చి కరెంటు కొంటుంది, వడ్డీ కడుతుంది, మొదట కోత పెట్టేది నిర్వహణకే. ఉచిత విద్యుత్తు కొనసాగాల్సిందే. ఆ బిల్లు మాత్రం ఖజానా నుంచి వేళకు రావాలి.

మీటర్లు బోర్లకు అక్కర్లేదు, ట్రాన్స్‌ఫార్మర్లకు పెట్టండి. ఏది ఎంత మోస్తోందో తెలిస్తే కాలకముందే 25 కేవీఏది తీసి 63 కేవీఏది పెట్టవచ్చు. నాట్లు మొదలయ్యేలోగా ప్రతి మరమ్మతు కేంద్రంలో బాగుచేసిన ట్రాన్స్‌ఫార్మర్లు సిద్ధంగా ఉంచాలి, వాటిని పొలానికి చేర్చే బండి కిరాయి డిస్కమే భరించాలి.