చికెన్‌లో పైనాపిల్: ప్రభుత్వం తక్షణం జోక్యం చేసుకోవాలి

దేశంలో ఎన్నో సమస్యల మీద చర్చలు జరుగుతున్నాయి. అన్నిటికన్నా ముఖ్యమైనదాన్ని మాత్రం మేధావులు పట్టించుకోవడం లేదు. తెలుగు ఇళ్ళలో కొందరు ఆదివారం పూట చికెన్‌లో పైనాపిల్ వేస్తున్నారు. చాటుగా కూడా కాదు, వంటింటి కిటికీ బార్లా తీసి, వాసన పక్కింటికి పోయేలా వేస్తున్నారు. తోడుగా క్యాప్సికం. స్వీట్ అండ్ సోర్ చికెన్ అని దానికో పేరు. ఇదేమిటని అడిగితే ఫోన్ ముందుకు తోస్తారు, వీడియోలో ఇలాగే చేశారంటూ.

చట్టం చేతులు ముడుచుకుని కూర్చుంది. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 358 సెక్షన్లున్నాయి. దొంగతనానికి ఉంది, పరువునష్టానికి ఉంది, కల్తీకి ఉంది. కోడినీ పండునీ ఒకే మూకుట్లో వేసినవాళ్ళను ఏం చేయాలో మాత్రం ఎక్కడా లేదు. ఐస్‌లాండ్ నయం. 2017లో ఆ దేశాధ్యక్షుడు గుద్ని యోహానెసన్ ఒక స్కూలుకు వెళ్ళి, పిల్లలడిగితే, తన చేతిలో ఉంటే పిజ్జా మీద పైనాపిల్‌ను నిషేధించేవాణ్ణన్నారు. ఆ మాట ప్రపంచమంతా పాకింది. ఆ పిజ్జా 1962లో పుట్టింది కెనడాలో కాబట్టి అప్పటి కెనడా ప్రధాని ట్రూడో బహిరంగంగా పైనాపిల్ పక్షం వహించారు. ఐస్‌లాండ్ అధ్యక్షుడు అప్పటికే దిగివచ్చి, నిషేధించే అధికారం తనకు లేదనీ, లేకపోవడమే మంచిదనీ వివరణ ఇచ్చుకున్నారు. దేశాల పెద్దలు తలదూర్చిన వ్యవహారం మన దగ్గర భోజనాల బల్ల దాటి బయటికి రావడం లేదు.

ఆ బల్ల దగ్గరికే వెళ్దాం. కోడలు గిన్నె తెచ్చి పెట్టింది. కూర ఎర్రగా నిగనిగలాడుతోంది, మధ్యమధ్య పసుపురంగు ముక్కలు. ఎర్రగా ఉంది కాబట్టి కారం దండిగా పడి ఉంటుందని మావగారి నమ్మకం. వేడన్నంలో కలిపి ఓ పెద్ద ముద్ద నోట్లో పెట్టుకున్నారు. రెండుసార్లు నమిలి ఆగారు.

"అమ్మాయ్, ఇది కూరా, స్వీటా?"

"రెండూ మావయ్యగారూ."

"రెండూ అయితే ముందే చెప్పొద్దూ? దీన్ని పప్పుకి ముందు తినాలా, పెరుగు తర్వాత తినాలా?"

ఆ తర్వాత కార్యక్రమం నిశ్శబ్దంగా సాగింది. ఆయన వేళ్ళతో ఒక్కో పైనాపిల్ ముక్కనీ వెతికి, గుజ్జు దులిపి, కంచం అంచున మామూలుగా కరివేపాకు ఉండే చోట వరసగా పేర్చారు. అత్తగారు ఏమీ అనలేదు. అనకుండానే గిన్నె పట్టుకుని వంటింట్లోకి వెళ్ళారు. రాత్రి భోజనాల వేళకు అందులో రెండు చెంచాల కారం, గరం మసాలా, గుప్పెడు కొత్తిమీర చేరాయి. అందరూ లొట్టలేసుకుంటూ తిన్నారు. కోడలు కూడా. ఈ ఇల్లు ఎవరిదని అడగకండి, ప్రతి వీధిలోనూ ఒకటుంది.

మావగారి వాదన ఒకే ఒక్క వాక్యం. మాంసంలో పండు వేయడం మన ఇంటా వంటా లేదు.

సరే, ఆ వంటనే విచారణకు పిలుద్దాం. పెళ్ళి పంక్తిలో ఈయన గరిటె పట్టుకున్న కుర్రాణ్ణి వెనక్కి పిలిచి మరీ వడ్డించుకునే దప్పళంలో ఏముంటుంది? తీపికి గుమ్మడికాయ, చిలగడదుంప. పులుపుకి చింతపండు. అది చాలదన్నట్టు ఓ బెల్లం ముక్క. చిక్కబడటానికి నీళ్ళలో కలిపిన బియ్యప్పిండి. అదే పనిని పంచదార, వెనిగర్, నీళ్ళలో కలిపిన కార్న్‌ఫ్లోర్ చేస్తే మాత్రం మన సంస్కృతి మీద దాడి.

దప్పళంలో మాంసం ఉండదు కదా అంటారు. నిజమే. వేసవి రాగానే పచ్చి మామిడికాయ కోసి మాంసంలో వేసేది ఎవరు? చేపల పులుసుకి చింతపండు నానబెట్టేది ఎవరు? హైదరాబాద్ కచ్చి బిర్యానీకి మాంసం మెత్తబడాలని పచ్చి బొప్పాయి రుబ్బి పట్టిస్తారు. ఆ బిర్యానీని వేలెత్తి కూడా చూపని మనిషి, పైనాపిల్ దగ్గరికొచ్చేసరికి శంకరాభరణం రాగాలు తీస్తారు. అన్నట్టు మనవరాలి పుట్టినరోజుకి హోటల్లో కశ్మీరీ పులావ్ ఆర్డరిచ్చింది ఈయనే. అందులో పైనాపిల్, ద్రాక్ష, చెర్రీ అన్నీ ఉన్నాయి. అప్పుడు వేరే రాష్ట్రం వంట కాబట్టి క్షమించారట.

టమాటా పేరెత్తితే అది కూరగాయ అంటారు. అనే హక్కు ఆయనకుంది. 1893లో అమెరికా సుప్రీంకోర్టు నిక్స్ వర్సెస్ హెడెన్ కేసులో ఇదే తీర్పు చెప్పింది. శాస్త్రం ప్రకారం టమాటా పండే అయినా, జనం దాన్ని భోజనంలో తింటారు తప్ప భోజనం తర్వాత పండులా తినరు కాబట్టి కూరగాయ కిందే లెక్క, దిగుమతి సుంకం కట్టి తీరాలి అంది. పండో కూరగాయో తేల్చే పని తోటమాలి చేతిలోంచి కస్టమ్స్ ఆఫీసు చేతికి పోయిందన్నమాట. ఆ లెక్కన పైనాపిల్‌ను అన్నంలో కలుపుకున్న రోజున అదీ కూరగాయే కావాలి. మావగారు అప్పీలుకు వెళ్ళొచ్చు.

ఇక విదేశీ వ్యవహారం అనే ఆరోపణ ఉంది. పైనాపిల్ దక్షిణ అమెరికాలో పుట్టి పోర్చుగీసువాళ్ళ వెంట మన దేశానికొచ్చింది, కాదనను. మిరపకాయ కూడా సరిగ్గా ఆ అమెరికాల నుంచి, ఆ పోర్చుగీసువాళ్ళ వెంటే వచ్చింది. ఇద్దరిలో ఒకరికి గుంటూరులో యార్డు కట్టాం, ఇంకొకర్ని కంచం అంచున కూర్చోబెట్టాం. సీతంపేట ఏజెన్సీ కొండల్లో గిరిజన రైతులు అనాస పండించి, గంపల్లో దించి, సంతల్లో అమ్ముతున్నా దానికి ఇంకా స్థానికత సర్టిఫికెట్ రాలేదు.

తీపి సంగతి వస్తే మనలో మనకే పడదు. గోదావరి జిల్లాల్లో పులుసులో బెల్లం వేస్తారు, ఆగక ఆవకాయలో కూడా వేసి బెల్లం ఆవకాయ అంటారు. గోదావరి అత్తగారు రాయలసీమ అల్లుడికి మొదటిసారి ఆ పులుసు వడ్డించిన ఇళ్ళలో ఏం మాటలు నడిచాయో అవి బయటికి రాకపోవడమే రెండు కుటుంబాలకూ క్షేమం. గురివింద గింజ సామెత మనవాళ్ళు ఊరికే పుట్టించలేదు. నా ఉద్దేశంలో ఇక్కడ ఎవరికీ పండుతో పేచీ లేదు. రుబ్బినా, పిండినా, గుజ్జు చేసినా కిక్కురుమనరు. పండు పండులాగే కనబడిందా, కంచంలో గొడవ మొదలు.

ఈ స్వీట్ అండ్ సోర్ వంట పుట్టిల్లు దక్షిణ చైనాలోని గ్వాంగ్‌డాంగ్. అక్కడిది పందిమాంసం వంట. పాత పద్ధతిలో వెనిగర్, పంచదారతో పాటు పుల్లటి హాథార్న్ పండో, ఊరవేసిన ప్లమ్ పండో పడేది. టమాటా కెచప్ తర్వాత వచ్చి చేరింది. వలస వెళ్ళిన చైనా వంటవాళ్ళు అమెరికాలో, బ్రిటన్‌లో హోటళ్ళు పెట్టుకుని, అక్కడి నాలుకలకు తగ్గట్టు తీపి పెంచి, కోడితోనూ చేసి అమ్మారు. మనవాళ్ళు దీన్ని రుచి చూసి "అబ్బే, ఇది అసలు చైనీస్ కాదు" అని తేల్చేస్తారు. అసలు చైనీస్ అంటే ఏమిటండీ అంటే, మంచూరియా. 1975లో ముంబైలో నెల్సన్ వాంగ్ అనే వంటాయన పచ్చిమిర్చి, అల్లం, వెల్లుల్లి వేయించి, గరం మసాలాకి బదులు సోయా సాస్, కార్న్‌ఫ్లోర్ పోసి చేశానని చెప్పిన వంట. సాయంత్రం బండి దగ్గర నిలబడి, పేపర్ ప్లేటులో పచ్చి ఉల్లిపాయ చల్లించుకుని, టూత్‌పిక్‌తో పొడుచుకు తింటేనే మనకు బీజింగ్ కనబడుతుంది.

వండేవాళ్ళు కూడా ఏం తక్కువ తినలేదు. మావగారు కోర్టుకెక్కితే సగం కేసు గెలిచేది వీళ్ళ చలవ వల్లే. చికెన్ ముక్కల్ని పిండిలో ముంచి కరకరలాడేలా వేయిస్తారు. అంతవరకు అద్భుతం. తర్వాత వాటిని సాస్‌లో పడేసి, మూత పెట్టి, మంట తగ్గించి, టీవీ ముందు కూర్చుంటారు. ఎందుకూ అంటే కూర మగ్గాలి కదా అంటారు. ఇరవై నిమిషాల తర్వాత మూత తీస్తే తడిసిన పకోడీల పులుసు. ఇంకొందరికి శాస్త్రీయ దృక్పథం ఎక్కువ. పైనాపిల్ మాంసాన్ని మెత్తబరుస్తుందని ఎక్కడో చదివి, తాజా రసంలో చికెన్ రాత్రంతా నానబెడతారు. తాజా పైనాపిల్‌లో బ్రొమెలైన్ అని మాంసకృత్తుల్ని విరగ్గొట్టే ఎంజైమ్ ఉంటుంది. అది అరగంటలో పని కానిచ్చేస్తుంది, తెల్లారేదాకా వదిలేస్తే ఆగమన్నా ఆగదు. పొద్దున్న చూస్తే ముక్క చేతికి రాదు, ముద్దగా జారిపోతుంది. కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడటమంటే ఇదే. మరోవైపు డబ్బా పైనాపిల్ తెచ్చి అదే ప్రయోగం చేసేవాళ్ళున్నారు. డబ్బాలోకి ఎక్కించేటప్పుడే దాన్ని వేడిచేస్తారు కాబట్టి ఆ ఎంజైమ్ ఎప్పుడో పోయింది. పంచదార పాకంలో చికెన్ నానుతూ ఉంటుంది, అంతే.

అన్నిటికన్నా నాకు అర్థం కానిది కార్న్‌ఫ్లోర్. దప్పళంలో బియ్యప్పిండిని చన్నీళ్ళలో కలిపి, ఉండ కట్టకుండా, సన్నధారగా పోసే చేయి, సాస్ దగ్గరికి రాగానే పొడిపిండిని చెంచాతో మరుగుతున్న దాంట్లో గుమ్మరిస్తుంది. విదేశీ వంట కదా, అందులో మన తెలివి పనికిరాదని మర్యాద కాబోలు.

నిజానికి పెద్ద పనేం కాదు. అరకిలో ఎముకల్లేని ముక్కలు, తొడ మాంసమైతే మేలు, ఉప్పు మిరియాలు పట్టించి, కార్న్‌ఫ్లోర్ దొర్లించి ఒకసారి వేయించి తీసి, నూనె బాగా కాగాక ఇంకోసారి ముంచి తీయాలి. ఇంకో బాణలిలో పెద్ద మంట మీద ఉల్లిపాయ, క్యాప్సికం చదరంగా కోసినవి ఒక్క నిమిషం. మూడేసి చెంచాల వెనిగర్, పంచదార, నాలుగు చెంచాల కెచప్, ఒక చెంచా సోయా సాస్, కాసిని నీళ్ళు. పొంగాక చన్నీళ్ళలో కలిపిన కార్న్‌ఫ్లోర్, ఆపైన పైనాపిల్. చిక్కబడగానే స్టవ్ కట్టేసి చికెన్ వేసి, తిప్పి, అందరూ కంచాల ముందు కూర్చున్నాకే తేవాలి. మగ్గడం, మూతలు, టీవీ ఏమీ లేవు. వెనిగర్ లేకపోతే నిమ్మకాయ పిండుకోండి. చింతపండు జోలికి వెళ్ళారంటే మళ్ళీ దప్పళమే.

ప్రభుత్వం కమిటీ వేసేదాకా ఆగలేం కాబట్టి కొన్ని మధ్యంతర ఉత్తర్వులు ప్రతిపాదిస్తున్నాను. పైనాపిల్‌ను క్యాప్సికం కన్నా చిన్నగా తరిగితే నేరంగా పరిగణించరాదు. కంచం అంచున పేర్చిన ముక్కల్ని తిరిగి గిన్నెలో వేయడం ఏ పక్షానికైనా నిషిద్ధం. "ఇది కూరా, స్వీటా?" అని అడిగేవాళ్ళు ముందుగా గత రెండు పెళ్ళిళ్ళలో దప్పళం ఎన్నిసార్లు మారు అడిగారో ప్రమాణపత్రం సమర్పించాలి. అత్తగారి కారం చెంచాకు ఒక విడత మాత్రమే అనుమతి. హోటళ్ళవాళ్ళు ఇదే వంటకు ముందు "రాజుగారి" అని తగిలించి మెనూలో పెడితే ఎవరూ అభ్యంతరం చెప్పరని నిఘా వర్గాల సమాచారం, దానిపై విడిగా విచారణ జరగాలి. చికెన్‌లో పడగా మిగిలిన సగం పైనాపిల్‌ను ఫిర్యాదుదారులు మధ్యాహ్నం నిద్ర లేచాక ఉప్పూ కారం చల్లుకుని వంటింటి గట్టు దగ్గరే నిలబడి తినేస్తున్నట్టు తేలితే, ఆ కేసు అక్కడితో కొట్టివేయబడుతుంది.

ఉత్తర్వులు వచ్చే ఆదివారం నుంచి అమలు. ఆ రోజు మటన్ తెచ్చుకున్న ఇళ్ళకు మినహాయింపు.