తెర దిగాక నేర్చిన పని

1990ల తొలినాళ్లలో స్వీడన్ పిల్లలకు ఆలిస్ బా కూన్కె అంటే డిస్నీ క్లబ్ అనే టీవీ కార్యక్రమం యాంకర్. 2014లో ఆమే ఆ దేశ సాంస్కృతిక, ప్రజాస్వామ్య శాఖల మంత్రి. ఇంతవరకే చెబితే తెలుగు పాఠకులకు వింతేమీ ఉండదు. పార్టీ పెట్టిన తొమ్మిది నెలలకే ముఖ్యమంత్రి అయిన హీరోని చూసినవాళ్లం. ఆమె మధ్యలో ఏం చేశారన్నదే మాకు ముఖ్యం.

గాంబియా తండ్రికి, స్వీడిష్ తల్లికి మాల్మోలో పుట్టిన ఆలిస్, టీవీలో వచ్చిన పేరు పట్టుకుని వేలాడలేదు. పేద దేశాల రైతులకు, కూలీలకు న్యాయమైన ధర దక్కాలని పనిచేసే ఫెయిర్‌ట్రేడ్ సంస్థ స్వీడన్ విభాగాన్ని నడిపారు. ఒక ఇంజినీరింగ్ కన్సల్టెన్సీలో పర్యావరణ బాధ్యతలు చూశారు. యువజన వ్యవహారాల ప్రభుత్వ సంస్థకు అధిపతి అయ్యారు. అన్నీ కెమెరాలు తొంగిచూడని ఆఫీసులే. ఫైలు ఎక్కడ కదులుతుందో, ఎవరిని నిలదీస్తే పనవుతుందో తెలిసేది అక్కడే.

2017 నవంబర్‌లో 456 మంది నటీమణులు రంగస్థలం, సినిమాల్లో తమపై జరిగిన లైంగిక వేధింపులను బయటపెడుతూ పత్రికలో లేఖ రాశారు. ఆడవాళ్లు ధైర్యంగా ముందుకు రావాలని మంత్రులు ఉపన్యాసం దంచడం మామూలు. వాళ్లు అప్పటికే వచ్చేశారు కదా! ఆలిస్ జాతీయ రంగస్థల సంస్థల అధిపతులను పిలిపించారు. నేరం తేల్చాల్సింది పోలీసులు, కోర్టులు. కానీ ప్రభుత్వ డబ్బుతో నడిచే సంస్థలో పనిచేసే మనిషి భద్రతకు పూచీ యాజమాన్యానిదే. ప్రశ్న పడాల్సిన చోటే పడిందని మా అభిప్రాయం. సమ్మతి లేని శృంగారం నేరమని చెప్పే చట్టం 2018 జులై 1న అమల్లోకి వచ్చింది కూడా ఆమె ఉన్న ప్రభుత్వ హయాంలోనే.

అన్నింటా ఆమెకు మార్కులు వేయలేం. 2017లోనే, ఐసిస్ ఉగ్రవాద సంస్థలో చేరి తిరిగొచ్చినవారి గురించి టీవీ ఇంటర్వ్యూలో అడిగితే సూటిగా జవాబివ్వలేక విమర్శల పాలయ్యారు. టీవీలో పెరిగిన మనిషి టీవీలోనే తడబడటం విచిత్రమే.

2019 నుంచి ఆమె యూరోపియన్ పార్లమెంటు సభ్యురాలు. వయసు, వైకల్యం, మతం, లైంగికత పేరిట ఇల్లు, చదువు, వైద్యం దగ్గర వివక్ష చూపకూడదన్న యూరోపియన్ యూనియన్ చట్ట ముసాయిదా 2008 నాటిది. పార్లమెంటు తరఫున దాని బాధ్యత ఆమె చేతికి వచ్చింది. అయితే సభ్య దేశాల ప్రభుత్వాలన్నీ ఒప్పుకుంటేనే అది చట్టమవుతుంది. అడ్డుపడుతున్న ప్రభుత్వాలు తమ కారణాలేమిటో మూసిన తలుపుల వెనక కాదు, తమ ఓటర్ల ముందే చెప్పాలి.