మందు దొరికింది సరే, మనిషికి అందేదెప్పుడు?

వైద్య పరిశోధన అనగానే అందరి చూపూ కొత్త మందు, కొత్త టీకా, కొత్త యంత్రం మీదకే పోతుంది. పతాక శీర్షికలు వాటికే, పెద్ద నిధులూ వాటికే. తేలిన నిజం రోగి దాకా ఎందుకు రావడం లేదు, ఎక్కడ ఆగిపోతోంది అని వెతికే పరిశోధనకు మాత్రం ఆ గౌరవం లేదు. ప్రజారోగ్యానికి పెద్ద నష్టం జరుగుతున్నది ఈ చిన్నచూపు వల్లే.

విరేచనాలైనప్పుడు తాగించే ఉప్పు, చక్కెర నీళ్ల ద్రావణం ఓఆర్‌ఎస్ చరిత్రే చూడండి. పేగుల్లో గ్లూకోజు ఉంటే దాంతోపాటు సోడియం, ఆ వెంటే నీరు ఒంట్లోకి ఇంకుతాయి. ఈ కీలకాన్ని 1960లో అమెరికా శాస్త్రవేత్త రాబర్ట్ క్రేన్ ప్రతిపాదించారు. 1968లో ఢాకాలో వైద్యులు డేవిడ్ నలిన్, రిచర్డ్ క్యాష్ కలరా రోగులకు ఈ ద్రావణం తాగించి, సెలైన్ అవసరం బాగా తగ్గుతుందని నిరూపించారు. అయినా చాలామంది వైద్యులు దాన్ని నమ్మలేదు. 1971లో బంగ్లాదేశ్ యుద్ధ కాలంలో పశ్చిమ బెంగాల్ సరిహద్దు పట్టణం బనగావ్‌లో శరణార్థుల మధ్య కలరా విజృంభించింది. సెలైన్ నిల్వలు అడుగంటాయి. డాక్టర్ దిలీప్ మహలనబిస్ గత్యంతరం లేక ఓఆర్‌ఎస్ డ్రమ్ముల్లో కలిపించి, రోగుల బంధువుల చేతే తాగించారు. సుమారు 30 శాతంగా ఉన్న మరణాలు 4 శాతం లోపుకు దిగాయి.

నా దృష్టిలో అసలు కథ ఆ తర్వాతే మొదలైంది. 1980 నుంచి పదేళ్లపాటు బ్రాక్ అనే స్వచ్ఛంద సంస్థ మహిళా కార్యకర్తలు బంగ్లాదేశ్‌లో కోటికి పైగా ఇళ్లకు వెళ్లి, మూడు వేళ్లకు వచ్చినంత ఉప్పు, గుప్పెడు బెల్లం, అరసేరు నీళ్లు కలపడం తల్లులకు నేర్పారు. ఎన్ని ఇళ్లు తిరిగారన్నది కాదు, తల్లులకు ఎంత గుర్తుందన్నదే వాళ్ల జీతానికి లెక్క. అయినా మొదట్లో వాడకం పెరగలేదు. కారణం వెతికితే, నేర్పే కార్యకర్తల్లోనే కొందరికి ఆ నీళ్ల మీద నమ్మకం లేదని బయటపడింది. తమతో ఎవరూ మాట్లాడలేదని ఇంటి మగవాళ్లు ముఖం చాటేశారనీ తెలిసింది. ఆ రెండూ సరిదిద్దాకే పని ముందుకు సాగింది. ప్రయోగశాలలో అయితే ఈ సంగతులు ఎప్పటికీ తెలిసేవి కావు.

ఇప్పటికీ ఏటా లక్షల మంది పసిపిల్లలు విరేచనాలతో చనిపోతున్నారు. ఎందుకు? కర్ణాటక, బిహార్‌లలో జరిగిన ఒక అధ్యయనం 2024లో వెలువడింది. చికిత్స చేసేవాళ్లు ఓఆర్‌ఎస్ రాయకపోవడానికి అతిపెద్ద కారణం, రోగులకు అది ఇష్టం ఉండదని వాళ్లు అనుకోవడమేనట. ఓఆర్‌ఎస్ రాయని సందర్భాల్లో 42 శాతానికి ఈ అపోహే మూలం. సరుకు లేకపోవడం వల్ల రాయనివి 6 శాతమే. సరఫరా ఒక్కటీ సరిచేస్తే చాలనుకునే ప్రభుత్వాలకు ఈ ఒక్క లెక్క చూపించాలి.

మరో రకం ఆలస్యమూ ఉంది. రక్తస్రావాన్ని అదుపు చేసే ట్రానెక్సామిక్ ఆమ్లాన్ని జపాన్ శాస్త్రవేత్త ఉతాకో ఒకామోటో, తన భర్తతో కలిసి 1962లో వెలుగులోకి తెచ్చారు. ప్రసవం తర్వాత రక్తస్రావంతో చనిపోయే తల్లులకు అది పనికి రావాలన్నది ఆమె కోరిక. చవక మందు, పేటెంటు గడువు ఎప్పుడో తీరింది. అలాంటి మందు మీద పెద్ద ట్రయల్‌కు డబ్బు పెట్టాలని కంపెనీలకు ఎందుకుంటుంది? 20 వేల మందికి పైగా మహిళలతో జరిగిన ట్రయల్ ఫలితాలు 2017లో వచ్చాయి. ప్రసవమైన మూడు గంటల్లోపు ఇస్తే రక్తస్రావ మరణాలు దాదాపు మూడో వంతు తగ్గుతాయని తేలింది. ఒకామోటో అంతకు ముందు ఏడాదే కన్నుమూశారు. ఈ మధ్యలో ఎందరు తల్లులు పోయారో తలచుకుంటే గుండె భారమవుతుంది.

అందుకే లాభం రాని ప్రశ్నలకు ప్రజాధనం ముందుండాలి. నిధులిచ్చే సంస్థలు, ఫలితం తేలాక దాన్ని ఎవరు, ఎవరి ద్వారా, ఎంత ఖర్చుతో జనంలోకి తీసుకెళ్తారో దరఖాస్తులోనే అడగాలి. ఆ దశకూ విడిగా డబ్బు కేటాయించాలి. ఇంటింటికీ తిరిగే ఆరోగ్య కార్యకర్తకు, ఎవరు ఏ మందు వద్దన్నారో, ఎందుకు వద్దన్నారో తెలుసు. ఆమె చెప్పేది నమోదు చేసి, పరిశోధన పత్రాల్లో ఆమె పేరునూ చేర్చాలి.